ఆఖరి పది నిమిషాలు

సజ్జా అంటరు మా క్యాంపున్న జాగను.
సజ్జకంకి ఒక్కటి మొలవదు.
అక్కడికెళ్లి షార్జా మాల్‌కు
కంపెనీ బస్సుల నలభై నిమిషాలు.

నా పని సినిమాహాల్ల.
అందరూ సినిమా మొదలైతదని వస్తరు,
నేను అయిపోతదని వస్త.
చీపురు, చాట, నల్లసంచి పట్టుకొని
ఆఖరి పది నిమిషాలు తలుపుకాడ నిలవడుత.
గట్ల నాకు ఎన్ని పిల్లల సినిమాల ఆఖర్లు ఎరుకనో!
తప్పిపోయిన బాతు గూటికి చేరుడు ఎరుక,
ఎట్ల తప్పిపోయిందో తెల్వదు.
గుడ్డి ఏనుగుకు ఎలుక తోవ చూపుడు ఎరుక,
ఆ రెంటికి ఏడ కలిసిందో తెల్వదు.
మంచితనమంతా నాకు చివర్లనే దొరుకుతది,
పాప్‌కార్న్ డబ్బా అడుగున మిగిలిన ఉప్పులెక్క.

ఈ ఎండకాలం సెలవుల్ల ఒక నక్కపిల్ల సినిమా.
అరబ్బీల మాట్లాడుతది నక్క.
బావిల పడి ఉంటది.
తాబేలు తాడు కొస నోట్ల కరుచుకొని గుంజుతది,
దాని వెనుక కుందేలు, పిట్ట, ముసలి ఒంటె.
రోజుకు నాలుగు ఆటలు.
ప్రతి ఆటల నేను చీపురుకట్టె గట్టిగ పట్టుకుంట,
నేనిడిస్తే తాడు తెగుతదన్నట్టు.
నక్క పైకొస్తది, ఒళ్లు దులుపుకుంటది,
లైట్లు వెలుగుతయ్.
కండ్లు తుడుచుకుంట పిల్లలు
నా చాట దాటుకొని పోతరు.
తప్పు పట్టను.
చీకట్లకెళ్లి వెలుగులకొస్తే
ఎవరికైనా జరసేపు ఏం కానరాదు.

మొన్న శుక్రవారం ఒక పిల్ల ఆగింది.
ముందటి పండ్లు రెండు లేవు.
“అంకుల్, సాయం చెయ్యాల్నా?” ఉర్దూల అడిగింది.
సినిమా చెప్పిన మాట, నోట్లె ఇంకా వేడిగనే ఉన్నది.
వంగి పేలాలు ఏరవోయింది.
వద్దన్న. కెమెరా ఉంటది, సూపర్‌వైజర్ చూస్తడు.
పిల్ల కదలదు,
సాయం చెయ్యకుంట పోతే టికెట్టు దండుగన్నట్టు.
నా నోట్లెకెళ్లి ఎట్లొచ్చిందో వచ్చింది:
“మొదలు చెప్పు బిడ్డా.
నక్క బావిల ఎట్ల పడ్డది?”

కుర్చీ మీద మోకాళ్లేసి చెప్పింది.
నక్కనే తాబేలును వెల్లకిల తిప్పేసిందట.
రాత్రంతా తాబేలు కాళ్లు కొట్టుకుంట
చుక్కల్ని లెక్కపెట్టిందట.
దాన్ని ఎనుకకు తిరిగి చూసి నవ్వుకుంట
నక్క ఉరికిందట, ముందట బావి.
నేనిన్నాళ్లు ఆ ఇద్దరు దోస్తులనుకున్న!
“ఆ తర్వాత...” అంటుండంగనే
తలుపుకాడికెళ్లి కేక: “మహ్‌రుఖ్!”
ఉరికింది, చెప్పుల లైట్లు ఎర్రగ మెరుసుకుంట.

బస్సుల తల అద్దానికి ఆనిచ్చి
లెక్క చూసుకున్న.
సినిమాలయి నాకు ఆఖర్లే ఎరుక,
మనుషులయి మొదళ్లే.
కింది మంచం ఓదెలు
నా కాడ మూడు వందల దిర్హాములు తీసుకునుడు.
అడిగితే “ఏ పైసలు?” అనుడు.
గంతే, గాడ్నే ఆపేసిన.
నాలుగు నెలలాయె వాని మొకం చూడక.

ఈ వారం వాడు పనికి పోతలేడు, దగ్గు.
రాత్రి ఒంటిగంటకు గది చేరిన.
మంచం కింద వాని నీళ్ల సీసా
ఒరిగి ఉన్నది, ఖాళీది.
కూలర్ ఆ కొసకు, స్నానాల గదుల కాడ.
నింపుకొచ్చి పెట్టిన, మూత వదులు చేసి.
సినిమాల అయితే ఇక్కడ సంగీతమొస్తది.
ఎదురు మంచం బంగ్లా పిలగాడు గురక పెట్టిండు.

మూడు వందలు? అడుగుత, జీతాలు పడనియ్.
తాబేలు మటుకు మర్చిపోయి ఉంటదా ఆ రాత్రి?
పైకొచ్చినంక నక్క దాని చెవుల
ఏదో అంటది, అరబ్బీల, రెండే మాటలు.
షుక్రన్ అయితే కాదు, అది నాకొచ్చు.
గప్పుడే లైట్లు వెలుగుతయ్, ప్రతిసారి.
ఎవరినన్న అడగాలె.