ఒంటిమట్టి

రేపు పొద్దున్నే స్నానశాల పొగగొట్టం కూల్చేస్తారట.
తాళాలు చూసే హ్వాంజీ అత్త ఫోన్ చేసింది:
"మీ అమ్మ సామానేదో లాకర్లో ఉండిపోయింది,
వచ్చి పట్టుకుపో."

సియోల్ నుంచి నాలుగు గంటల రైలు.
దోగ్యేలో దిగేసరికి మంచు.
గనులు మూసేశారు గానీ
ఈ ఊళ్ళో మంచు ఇంకా నల్లబడే అలవాటు మానలేదు.

మా అమ్మ ఈ ఊరి ఆడవాళ్ళందరి వీపులూ ఎరుగును.
ఇరవై తొమ్మిదేళ్ళు
అరచేతికి ఆకుపచ్చ గరుకు తొడుగు వేసుకుని,
రెక్సిన్ బల్లమీద బోర్లా పడుకోబెట్టి
గనికూలీల పెళ్ళాల్నీ, బడిపంతులమ్మనీ,
మర్నాడు పెళ్ళి పెట్టుకున్న పిల్లల్నీ
ఒకే ఒత్తిడితో తోమింది.
భుజం మీద రెండుసార్లు తడితే
అటు తిరగమని.
మాటలు తక్కువ. ఆవిరికి మాటలు నానిపోతాయనేది.

అమ్మ పేరు మల్సున్.
అయిదో ఆడపిల్లగా పుట్టినందుకు
ఇదే ఆఖరు కావాలని పెట్టిన పేరు.
తర్వాత ఇంకో ఇద్దరు పుట్టారు, ఇద్దరూ ఆడపిల్లలే.
అది చెప్పినప్పుడల్లా
వెనకపళ్ళు కూడా కనబడేలా నవ్వేది.

ఏడో తరగతిలో ఒకనాడు
నా పక్కబెంచీ పిల్ల వీపు తోముతున్న అమ్మని చూసి
తువ్వాలు మొహాన కప్పుకుని బయటికొచ్చేశాను.
మళ్ళీ ఆ గుమ్మం తొక్కలేదు.
ఆ రాత్రి ఇంటికొచ్చి
చొక్కా పైకెత్తి, వీపు నావైపు తిప్పి
"ఒక్కసారి రుద్దవే" అంది.
పరీక్ష ఉందన్నాను.
పరీక్ష లేదు.

నూట నాలుగో లాకరు.
తాళంచెవికి రబ్బరు పట్టీ, ఇంకా సాగుతోంది.
లోపల ఒక తొడుగు, అరిగిన సబ్బుముక్క,
ఒక అరటిపండు పాలసీసా.
చిన్నప్పుడు స్నానం అయ్యాక నాకు కొనిచ్చేది.
సీసా మూతమీద గడువు తేదీ చూశాను:
నేను రావడం మానేసిన ఏడాది కాదు,
అమ్మ పోయిన ఏడాది.

అప్పుడు నీళ్ళ చప్పుడైంది.
బాయిలరు ఆపి తొమ్మిది రోజులు.
అయినా తొట్టి నిండా పొగలు కక్కే నీళ్ళు,
ప్లాస్టిక్ పీటమీద ఏడేళ్ళ పిల్ల ఒకతె,
నాకు వీపు పెట్టి.
తల తిప్పకుండానే
"ఆలస్యమైంది" అంది,
తప్పు రైలుదే అయినట్టు.

కథల్లో అయితే ఇక్కడో పుట్టుమచ్చ ఉండాలి.
వెతికాను.
వెతుకుతుండగా తెలిసొచ్చింది,
మా అమ్మ వీపుమీద ఏముందో నాకు తెలీదని.
ఎప్పుడూ నా వెనకే ఉండే మనిషి కదా.
చూసింది ఒక్కసారే,
అదీ పుస్తకం అంచు మీదుగా.

ఎవరి పిల్లయినా కావచ్చు.
నేను ఏళ్ళ తరబడి వాయిదా వేస్తున్న
నా పిల్లే కావచ్చు.
తొడుగు వేసుకున్నాను.
నా వేళ్ళకంటే ముందే లోపల
వేళ్ళ గుంటలు ఉన్నాయి.

మెడదగ్గర మొదలుపెట్టాను.
బూడిదరంగు మట్టి
వత్తులు వత్తులుగా రాలింది.
ఇంత చిన్న వీపుమీద
ఇన్నేళ్ళ మట్టి ఎలా పట్టిందో!
"గట్టిగా" అంది.
"ఇంకా గట్టిగా.
బల్లమీద దుమ్ము తుడుస్తున్నావా?"

తుడిచాను, తోమాను, ఏడ్చానేమో,
తడిలో ఏది ఏదో ఎవరు చూడొచ్చారు.
చివరికి ఆ పిల్ల, భుజం అందక,
నా మోచేతిమీద రెండుసార్లు తట్టింది.

తిరిగాను.
ఒళ్ళు తనంతట తానే తిరిగింది.
వెనకనుంచి చిన్నచెయ్యి, గరుకు,
నడుం దగ్గర మొదలై పైకి.
తలతిప్పి చూడొచ్చు.
చూడలేదు.

పొద్దున యంత్రం వచ్చింది.
"దొరికిందా సామాను?" అంది అత్త.
తలూపాను.

తిరుగు రైల్లో, మరుగుదొడ్డి అద్దంలో
చొక్కా ఎత్తి, మెడ వంచి చూసుకున్నాను.
కింది సగం వీపు ఎర్రగా కందిపోయి ఉంది.
పైసగం ఎప్పటిలాగే ఉంది.
అందలేదు పాపం.