కుదురు

కొండ నిట్టనిలువు. పైకి మెట్లు లేవు,
తోలు తాడు ఒక్కటే.
సిమియెన్ కొండల్లో, మబ్బు కిందే ఆగిపోయే చోట
నలభై మంది పండితులు, ఒక గిన్నె, ఒక గంట.
కింద ఊరివాళ్లు మమ్మల్ని కుదురువాళ్లు అనేవారు.
కుండ దొర్లకుండా అడుగున గడ్డిచుట్ట పెడతారే,
కాలం కింద అలా మేము.

నేను చదువుకున్నదాన్ని కాదు.
నీళ్లు మోయడానికొచ్చి గిన్నె దగ్గర కూర్చుండిపోయాను.
అడుగున సూది బెజ్జమున్న రాగిగిన్నె.
తొట్టిలో వదిలితే తాగి, తాగి,
చివరికో గుటకతో మునుగుతుంది.
తీసి, తుడిచి, మళ్లీ వదలాలి.
మా దగ్గర లెక్క పొద్దుపొడుపుతో మొదలు,
సూర్యుడు దిగేసరికి పన్నెండు మునకలు.
పన్నెండో మునకకి గంట.
గంట మోగితే తాడు పైకి.
ఆ తర్వాత కింద మిగిలినవాడు
దుమ్మలగొండుల పాలు.

కాలం జారుతుందని నాకూ తెలుసు.
ఓ ముసురు వారంలో ఒకే కోడి ఒకే కూత
రెండుసార్లు విన్నాం.
కింద ఊళ్లో తిరుంగో పెనం మీద పోసిన ఇంజెరా
కాలకముందే నిన్నటిదై ఎండిపోయింది.
అలాంటప్పుడు మెమ్హిర్ కిన్ఫె గొర్రెతోలు చిట్టా విప్పి
నక్షత్రంతో, నీడతో, మైనపు వత్తితో
ఒకదాని మీద ఒకటి సాక్ష్యం చెప్పించి
జారినదాన్ని జారినచోటే కుట్టేవాడు.
కుట్టు కనబడేది కాదు.
ఆ పూట మాత్రం అందరికీ మెడ పట్టేసినట్టుండేది.

షిఫెరావ్ కాలు ఈడ్చేవాడు.
తేనె తేవడం వాడి వంతు.
ఒకనాడు పన్నెండో మునక అంచుదాకా వచ్చింది,
కిటికీలోంచి చూస్తే వాడింకా వాగు అవతలే.
నా వేలు దానంతటదే వెళ్లి
గిన్నె కింద నిలబడింది.
ఎంతసేపని? ఓ ఆవులింత సేపు.
మర్నాడు ఓ దగ్గు సేపు.
వానాకాలంలో, ఒప్పుకుంటాను,
గుప్పెడు కాఫీగింజలు చిటపటమనేంత సేపు.

పంతొమ్మిదేళ్లు.

తేడా మెమ్హిర్ పట్టేశాడు.
"సాయంత్రం బరువెక్కుతోంది" అన్నాడు.
బెజ్జం గీరించాడు, నీళ్లు మార్పించాడు,
రాగి కరిగించి కొత్త గిన్నె పోయించాడు.
నాలుగు సంపుటాలు రాశాడు దానిమీద.
గోందర్ నుంచి చదువరులు తాడుకి వేలాడుతూ వచ్చి
వాదులాడుకునేవారు.
సంధ్యకి పుట్టుకతోనే బద్ధకం ఉందని ఒకాయన,
కాదు, లోకానికి వయసు మీదపడిందని ఇంకొకాయన.
వాళ్లకి కాఫీ పోసేది నేనే,
తడివేలు పైబట్టకి తుడుచుకుని.

ఆయన మంచాన పడ్డాక చెప్పేశాను.
నోటిదాకా వచ్చిన మాట మూడుసార్లు మింగి
నాలుగోసారి.
నవ్వలేదు. కోపమూ రాలేదు.
"మొత్తం ఎంతయింది?" అన్నాడు.
లెక్కల మనిషి కదా.
నాకేం తెలుసు?
చిట్టాలన్నీ తెప్పించుకుని, గుసగుసగా,
వేళ్ల కణుపుల మీద తెల్లారేదాకా కూడాడు.
"ఒక పగలు" అన్నాడు. "పిసరంత తక్కువ."
ఆ పిసరు సంగతేమిటని అడిగితే
"అది నేను వేస్తా" అని
తొట్టి మంచం పక్కకి జరపమన్నాడు.
గిన్నె వదిలాను.
దాని కింద తన వేలు పెట్టాడు.
వేలు వణికింది.
గిన్నె చాలాసేపు మునగలేదు.

పన్నెండు నెలలూ అయిపోయాక
మాకింకో చిన్న నెలుంది, పాగుమే.
ఐదే రోజులు. నాలుగేళ్లకోసారి ఆరు.
ఆరోది ఎందుకొస్తుందో పండితుల దగ్గర
పక్కా లెక్కుంది. కాదనను.
ఆ రోజు మటుకు గంట నాలుక కట్టేసి,
తాడు కిందికే వదిలేసి కూర్చుంటాను.
షిఫెరావ్ వస్తాడు. జుట్టు ముగ్గుబుట్ట.
ఇప్పటికీ ఆలస్యమే.