పంతొమ్మిది ఖాళీ

నార్ అంటే నారు కాదు, నార కూడా కాదు.
ఈ మాట బోర్డు మీద రాసిన ప్రతి ఏడూ
చివరి బెంచీలోంచి ఎవరో గొణుగుతారు
"నారు పోసినవాడు నీరు పోయడా మేడం" అని.
నేనూ నవ్వేస్తాను.
నవ్వకపోతే మార్చి నెల గుంటూరులో
యార్డు గాలి ఇటు మళ్లి క్లాసంతా తుమ్ముతుంటే
స్టెరాయిడ్లు చెప్పలేం.

నాలుగు గదులు గీస్తాను, గోడకి గోడ ఆనించి.
మొదటి మూడింటికీ ఆరేసి గోడలు, నాలుగోదానికి ఐదే.
"మేస్త్రీకి ఇటుకలు చాల్లేదు" అంటాను.
మూలకో కార్బన్, కార్బన్‌కో నంబరు.
పదో మూల మీద నిటారుగా
ఒంటికాలి కొంగలా పంతొమ్మిది.

దాన్ని అరచేత్తో తుడిచేస్తాను.
ఇదీ నార్.
ఉండాల్సిన ఒకటి లేకపోవడం.

ఈ మాట పుట్టుకకి కథలు రెండు.
నార్మల్‌కి తోక తెంపితే మిగిలిందని ఒకటి.
నైట్రోజన్ మీద ఏ గుంపూ లేదని చెప్పే
జర్మన్ మాటల మొదటి అక్షరాలని ఇంకోటి.
రెండోది తర్వాత ఎవరో అల్లిందంటారు,
నాకెందుకో అదే ఇష్టం.
పాతకాలంలో కొమ్మల్లేకుండా తిన్నగా ఉన్నవాటినీ
నార్ అనే పిలిచారు.
అవి ఏమీ పోగొట్టుకోలేదు పాపం, పేరు మాత్రం అదే.
కాబట్టి అమ్మాయిలూ, నార్ కనపడగానే
ఏదో పోయిందని బెంగపడకండి,
ముందు ఎవరి గురించో చూడండి.

ఇంకొకటి. పరీక్షలో తప్పకుండా అడుగుతారు.
తీసేసినా నంబర్లు జరగవు.
పద్దెనిమిది పద్దెనిమిదే, ఇరవై ఇరవయ్యే,
మధ్య కుర్చీలోకి ఎవరూ రారు.
పైగా పోయినదాని నంబరే ముందు పలకాలి,
ఉన్నదాని పేరు ఆ తర్వాతే.

నాలుగేళ్ల కిందటి రిజిస్టర్లో
పంతొమ్మిది, బత్తుల కెజియా.
దసరా సెలవులయ్యాక రాలేదు.
యార్డులో టిక్కీలు మోసే వాళ్ల నాన్నకి నడుం పోయిందన్నారు.
ఎర్రసిరాతో గీత కొట్టాను, రూలు ప్రకారం.
పద్దెనిమిది, ప్రెజెంట్ మేడం.
ఇరవై, ప్రెజెంట్ మేడం.

మొన్న కొత్తపేట మందుల షాపులో
గొంతు తగ్గించి అడిగాను.
ఆడపడుచు గృహప్రవేశం పదకొండున,
నా తారీకూ అదే,
వెనక్కి జరిపే మాత్రలు కావాలి.
నలభై ఆరేళ్లొచ్చినా గొంతు తగ్గుతూనే ఉంది.

"చీటీ ఉందా మేడం? బీపీ ఏమైనా ఉందా?"
కౌంటరు వెనక కెజియా, గొంతు తగ్గించకుండా.
షీటు తిప్పి సన్న అక్షరాలు చదివింది, నార్-ఎథిస్టిరాన్.
"శ్రావణంలో వీటికి క్యూ కడతారు.
పెళ్లిళ్లకి, తిరుపతి బస్సుకి, ఉమ్రాకి.
నార్ అంటే ఏంటి మేడం?
నేనున్నప్పుడు ఆ పాఠం అవలేదు."

బిల్లు వెనక నాలుగు గదులు గీశాను.
నా వెనక ఒకాయన ఇన్సులిన్ కోసం నిలబడి
అణువుకేసి అనుమానంగా చూస్తున్నాడు.
మగ హార్మోనుకి ఇక్కడ ఈ ఒక్కటీ తీసేస్తే, అన్నాను,
ఆడవాళ్ల నెలని ఆపే మందు.

"అంటే పోవడం వల్లే పనికొచ్చిందన్నమాట."

పూర్తిగా కాదమ్మా, అబద్ధం చెప్పలేను,
పదిహేడో మూల దగ్గర ఇంకోటి తగిలించాలి.

"తగిలించారుగా" అంది
మెళ్లో వేలాడే షాపు కార్డు ఎత్తి చూపించి.
నవ్విందో లేదో తెలీలేదు,
అప్పటికే ఇన్సులిన్ కోసం ఫ్రిజ్ తలుపు తీస్తోంది.

మాత్రల్ని న్యూస్‌పేపర్లో చుట్టలేదు.
బిల్లు తనే ఉంచుకుంది.

పదకొండున కొత్త వంటింట్లో పాలు పొంగుతుంటే
అందరూ పొయ్యికేసి చూస్తున్నారు.
నేను ఇంటి మూలలు లెక్కపెడుతున్నాను.
పదో మూల దగ్గర ఎవరో
చీపురు నిలబెట్టి వెళ్లారు.