కదిలిన చెయ్యి

కాచిగూడ చౌరస్తాలో సైకిల్ షాపు మీద
చెక్క మెట్లెక్కితే జ్యోత్స్న స్టూడియో.
మేకుకి ఒకే ఒక్క కోటు.
గుమాస్తాలు, పెళ్లికొడుకులు, పాసైనవాళ్లు, తప్పినవాళ్లు
అందరూ ఆ కోటులో దూరే ఫ్రేముల్లోకి వెళ్లారు.
వదులైతే వీపు వెనక క్లిప్పులు పెట్టేదాన్ని నేను.

గుండేటి పాండురంగం గారికి వచ్చిన మంత్రం ఒకటే:
"గడ్డం కొంచెం కిందికి. ఆఁ. కదలొద్దు."
ఆ మాటకి
కింద పంపు కొట్టే పిల్లాడు కూడా ఆగేవాడనిపించేది.

తర్వాత నా పని.
నెగటివ్ మీద సన్నటి పెన్సిల్‌తో
అమ్మవారి మచ్చలు పూడ్చేదాన్ని,
కళ్ల కింది నైట్ డ్యూటీలు చెరిపేదాన్ని.
ఒకావిడ తన ఫోటో చూసుకుని
"ఎవరమ్మా ఈమె, మంచిగున్నది" అన్నది.
డబ్బులిచ్చి, ఫోటో బల్ల మీదే వదిలి
మెట్లు దిగిపోయింది.

ఒక రంజాన్ ముందు ముస్తఖీమ్ మియా వచ్చాడు.
పాతబస్తీలో వరక్ కొట్టే మనిషి.
తోలు పొరల మధ్య వెండి ముక్క పెట్టి
ఊపిరి తగిలితే ఎగిరిపోయేంత పలచనయ్యేదాకా
పొద్దంతా సుత్తి.
కోటు తొడిగాం. కూర్చోబెట్టాం.
మొహం రాయిలా నిలిచింది.
కుడిచెయ్యి మాత్రం తొడ మీద
టప్. టప్. టప్.
"చెయ్యి, మియా."
"ఆపే ఉంచిన సాబ్."
నాలుగు ప్లేట్లు పాడయ్యాయి.
ఐదోసారి చేతిని ఫ్రేము బయటికి నెట్టి
మొహం ఒక్కటే తీసిచ్చాం.

ఆ రాత్రి ఎర్రబల్బు కింద
పారేయాల్సిన నాలుగో ప్లేటు పట్టుకుని చాలాసేపు నిలబడ్డారాయన.
చెయ్యి ఉండాల్సిన చోట చిన్న మబ్బు.
"సులోచనా, దీనికి చప్పుడున్నది."
నాకు ఫ్యాను తప్ప ఏమీ వినపడలేదు.

యాభై ఒకటో ఏట
పెద్ద కెమెరా, తాజ్‌మహల్ తెర, రెండు లైట్లు,
ఇంటావిడ గొలుసు అమ్మి
గుజరాతీ గల్లీలో ఎవరో వాడిన వీడియో కెమెరా కొన్నారు.
కోటు ఎవరూ కొనలేదు.

అలవాటు పోదు కదా.
మొదటి రోజే వరక్ కార్ఖానాలో
"కదలొద్దు" అన్నారు.
ఏడుగురు సుత్తులెత్తి అట్లాగే ఆగిపోయారు.
ఆ ముక్క కోసేసింది నేనే.
పెన్సిల్ పోయి కత్తెర వచ్చింది నా చేతికి.
"మచ్చలు తియ్యకు" అన్నారు. "దగ్గు కూడా."

యాకుత్‌పురాలో గోడకి దుప్పటి కట్టి చూపించాం.
తెర మీది సుత్తి ఏదో, పక్క గల్లీ సుత్తి ఏదో
కొట్టేవాళ్లకే తెలియలేదు.

తర్వాత నీళ్ల ట్యాంకర్ల మీద ఒకటి.
తెల్లారగట్ల రోడ్లూడ్చే ఆడవాళ్ల మీద ఒకటి.
మొత్తం పదకొండు. ఒక్కదానికీ టికెట్ లేదు.
ఢిల్లీ నుంచి ఒక సర్టిఫికెట్ వచ్చింది,
అందులో ఆయన పేరు పాండురంగారావు.

మొన్న ముస్తఖీమ్ మియా కొడుకు వచ్చాడు.
తండ్రి పోయి నలభై రోజులు.
స్టూడియో ఫోటో ఎప్పుడో మూసీ వరదకి పోయిందట.
సినిమా ఉంది కదా బాబూ, అన్నారీయన,
అందులో మీ నాన్న నడుస్తాడు, నవ్వుతాడు, ఛాయ్ ఊదుకుంటాడు.
"సినిమాను గోడకెట్ల తగిలిస్తం సాబ్?"

పాండురంగం గారు మాట్లాడలేదు.
ట్రంకు పెట్టె అడుగు నుంచి, కోటు మడతలోంచి
నాలుగో ప్లేటు తీశారు.

"అమ్మీ అడిగింది,
ఆ చెయ్యి జర సాఫ్‌గ కనపడేటట్టు చెయ్యుమని."

పెన్సిల్ చెక్కి కూర్చున్నాను.
కళ్లద్దాలు మార్చి మళ్లీ కూర్చున్నాను.
వేళ్లెన్ని గీయాలో తెలుసు నాకు, ఐదు.
పక్కగదిలో ఆయన దగ్గుతున్నారు.
పొద్దుగూకేదాకా
ప్లేటు మీద ఒక్క గీతా పడలేదు.
బల్ల మీద నా చూపుడువేలు
టప్, టప్ అంటుంటే
నేనే ఆపుకున్నాను.