అరువు చీకటి

ఇబినాబో సినిమా తెచ్చింది.
నాలుగేళ్ళ పని, నలభై ఒక్క నిమిషాలు.
పోర్ట్ హార్కోర్ట్ నుంచి పడవలో తెర, ప్రొజెక్టరు,
చంటిపిల్లలా ఒళ్ళో జనరేటరు పెట్టుకుని నేను.
నా పేరు డాగోగో. ఆమె సౌండు మనిషిని.
ఎవరి ముఖాలు తీశామో
వాళ్ళకే ముందు చూపించాలని ఆమె పట్టు.

చర్చి ముందు బెంచీలు పడ్డాయి
రెండు తెడ్ల మధ్య తెర కట్టాం
పొద్దు గుంకింది
చీకటి పడలేదు.

పడదని మాకు తెలుసు
తెలిసీ మరిచిపోయాం.
ముప్పై ఏళ్ళుగా ఊరి చివర గొట్టం కొసన
గ్యాసు మండుతూనే ఉంది
దీపం కింద చీకటంటారు
ఈ దీపం కింద అదీ లేదు.
ఆ మంటనే నాలుగేళ్ళు తీశాం
ఇప్పుడది తెర మీద పడి
తన బొమ్మను తనే చెరిపేస్తోంది.

ఎడిటింగు గదిలో ఒకసారి అడిగింది
"ఈ హోరు కాస్త తీసెయ్యలేవా?"
తీస్తే మాటలూ పోతాయి.
వెళ్ళిన ప్రతి చోటా ఒక నిమిషం నిశ్శబ్దం పట్టుకోవడం నా పని
ఇక్కడ పట్టిన నిశ్శబ్దం
కాలిన పెనం మీద నీళ్ళు చిలకరించినట్టుంటుంది
ఎంతసేపటికీ ఆగదు.

మంట సెగకు కసావా పిండి ఆరబెట్టే ఎబియెరే
ముఖం చిట్లించి కెమెరాతో అంది
"ఆర్పేస్తే నా పిండి ఎక్కడ ఎండుతుంది?
అదీ రాసుకో."
ఇబినాబోకి నచ్చని మాట.
ఉంచింది.

చీకటెక్కడుందో బోమా అనే కుర్రాడికి తెలుసు.
చేపల కోసం కంపెనీ కట్టించిన కోల్డ్ స్టోరేజీ
రిబ్బను కత్తిరించారు, ఫోటో దిగారు
కరెంటు రాలేదు
ఆ తర్వాత చేపలూ రాలేదు.
కిటికీలు లేవు, జానెడు మందం గోడలు.
పెద్దాయన దగ్గర తాళంచెవి అరువు తెచ్చి
మేకల్ని బయటికి తోలి
బెంచీలు లోపలికి మోశాం.

తలుపు మూశారు.

కన్ను పొడుచుకున్నా కానరాని చీకటి.
ఎబియెరే మనవడు కెవ్వుమన్నాడు
ఐదేళ్ళవాడు, ఎప్పుడూ చూసెరగడు
వాళ్ళమ్మ నవ్వుతూ వెతుకుతోంది వాడి చెయ్యి కోసం.
ఎవరో ముసలాయన, గొంతు పోల్చలేకపోయాను,
"ఇదే, ఇలాగే ఉండేది" అన్నాడు.
సినిమా వెయ్యమని ఎవరూ అడగలేదు.
బయట బోమా జనరేటరు తాడు పట్టుకుని చూస్తున్నాడు
ఇబినాబో నా భుజం మీద వేళ్ళు ఆనించింది
ఆగమని.
నేను రికార్డరు నొక్కాను.
ఊపిరులు, ఒక దగ్గు, బెంచీ కిర్రు
హోరు ఎక్కడో గోడ అవతల, పక్కింటి గొడవలా.

తర్వాత బొమ్మలు కదిలాయి.
మంట వచ్చినప్పుడు ఎవరూ దాన్ని చూడలేదు
దాని ముందు నడిచి వెళ్ళేవాళ్ళను లెక్కపెట్టారు
"అదిగో టామునో, పోయిన వానల్లో పోయాడు"
"మా రేకు అప్పటికింకా చిల్లులు పడలేదు చూడు"
తనను చూసుకుని ఎబియెరే
"నన్నింత బక్కగా తీశారేం" అంది.

ముప్పయ్యో నిమిషంలో తెర ఆరిపోయింది.
పెట్రోలైపోయింది.
నేల కింద నూనె పారే ఊళ్ళో
అడుగంటిన డబ్బా ఊపి చూపించాడు బోమా,
తలుపు సందులోంచి నారింజ రంగు గీత.

"మూసెయ్ రా"
అన్నారెవరో మెల్లగా
"పిల్లాడు నిద్రపోయాడు."