పదకొండో పాఠం

సైకిల్ స్టాండుకీ జువాలజీ లేబుకీ మధ్య
ఆ గదికి ఇప్పటికీ లేడీస్ రూమనే పేరు.
లోపల విరిగిన బెంచీలు, చెదలు తిన్న జవాబు పత్రాలు,
ఎన్నికలకి వాడి వదిలేసిన అట్టపెట్టెలు.
తాళంచెవి నా దగ్గరే ఉంటుంది.
అడిగి పుచ్చుకున్నాను.

మా అవ్వ దాలమ్మ ఈ గది ఊడ్చేది.
నెలకి పన్నెండు రూపాయలు, ఏడాదికో ముతక చీర.
ఊడ్చేదే గానీ కూజా ముట్టకూడదు,
నీళ్ళు పొయ్యడానికి వేరే మనిషి.

ఆ ఏడు బీయస్సీలో ముగ్గురు.
కోట వెనక నించి పరదా కట్టిన జట్కాలో చెల్లాయమ్మ.
బొబ్బిలి పాసింజర్లో విజయనగరం దిగి,
తమ్ముణ్ణి తోడు తెచ్చుకునే ఇంకొకామె.
తమ్ముడికి తొమ్మిదేళ్ళు,
అక్కకి కాపలా వచ్చి గుమ్మంలో నిద్రపోయేవాడట.
మూడో ఆమె పేరు అవ్వకి గుర్తులేదు.
"దసరా సెలవలకెల్లి మరి రానేదు.
పెల్లయిపోనాది కావాల."

గంట కొట్టాక మేష్టారొచ్చి గుమ్మం ముందు దగ్గేవారు.
ఆయన ముందు, వీళ్ళు వెనక.
క్లాసులో వీళ్ళ బెంచీ ఒక్కటే గోడవైపు తిరిగి ఉండేది.
హాజరు పిలిస్తే పలకక్కర్లేదు,
ఆయనే చూసి టిక్కు పెట్టుకునేవారు.
కప్ప గుండె దాకా అందరికీ ఒకటే పాఠం.
పదకొండో అధ్యాయం రోజున మాత్రం
పుస్తకం మూసి, కిటికీలోంచి గంటస్తంభం కేసి చూస్తూ
"అమ్మాయిలు గదికెళ్ళి కూర్చోవచ్చు" అన్నారట.

నాలుగు రోజులు కూర్చున్నారు.

"ఏటమ్మా, పాటం నేదా? అనడిగినాను.
పిల్లలెలా పుడతారో చెప్తున్నారు దాలమ్మా,
అనీసి చెల్లాయమ్మగారు తల దించీసుకున్నాది.
ఓలమ్మోలమ్మ!
దానికి మిమ్మల్ని పంపీసి
ఆ మగగుంటలకి సెప్తన్నాడేటి?
ఆల్లు కంతారేటి?

ఏడుగుర్ని కన్నాను, నలుగురు మిగిలినారు.
నాకు తెలిసింది నాను సెప్పీసినాను.
గడప ఇవతల నాను, అవతల ఆల్లు.
బొప్పాసికాయి నిలువునా కోసి సూపించినాను,
గింజలెక్కడుంతాయో, తొడిమెక్కడో.
బిడ్డ అడ్డం తిరిగితే ఏటి సెయ్యాలో,
మావి పడకపోతే ఏటవుద్దో."

మార్చి పరీక్షలో ఆ ప్రశ్నే వచ్చింది. పదిహేను మార్కులు.
చెల్లాయమ్మ ఏం రాసిందో నాకు తెలీదు,
బొప్పాసికాయని ఇంగ్లీషులో ఏం చేసిందో.
రిజిస్టర్లో మూడు పేర్లు:
ఒకదాని మీద ఎర్రసిరా అడ్డగీత,
రెండింటి ఎదుట పాస్.

పేజీలు తిప్పితే ఐదు, నాలుగు, మళ్ళీ మూడు,
ఒక ఏడు ఒక్కరూ లేరు.
తర్వాత పదహారు.
బెంచీ ఎవరు ఇటు తిప్పారో ఎక్కడా రాయలేదు.
తండ్రి వృత్తి గడిలో
వకీలు, తాసిల్దారు పల్చబడి
సేద్యం, కలాసీ, సేద్యం, కూలి.

మా అమ్మ పేరు వీటిలో లేదు.
పద్నాలుగో ఏట, వయసు పెంచి చెప్పి,
నెల్లిమర్ల మిల్లులో జనపనార పట్టుకుంది.
అవ్వని అడిగాను ఒకసారి:
అంతమందికి చెప్పావు, అమ్మనెందుకు పంపలేదూ అని.
చీపురు పుల్లతో పళ్ళు కుట్టుకుంటూ
చాలాసేపు వాకిలికేసి చూసింది.
"కూజాయే ముట్టనివ్వనేదు గదే," అంది.

ఇప్పుడది పదకొండు కాదు, ఐదో యూనిట్.
నిన్న మొదలుపెట్టాను.
నలభై ఆరుగురు అమ్మాయిలు, పంతొమ్మిది మంది అబ్బాయిలు.
వెనక బెంచీలో ఒకడు కిసుక్కున నవ్వాడు.
"గదికెళ్ళి కూర్చుంటావా నాన్నా?" అన్నాను.
వాడికి అర్థం కాలేదు, ఎవరికీ కాలేదు.

గరివిడి నించి వచ్చే సింహాచలం
చెయ్యెత్తి, జడ వెనక్కి విసిరి,
"మేడమ్, ఆస్పత్రి లేనప్పుడు
మావి పడకపోతే ఏం చేసేవారు?" అంది.

సిలబస్‌లో లేదు.
చాక్‌పీసు కింద పెట్టి
సంచిలోంచి బొప్పాసికాయ తీశాను.
కత్తి మర్చిపోయాను.
లేబులో కప్పల్ని కోసే బ్లేడొకటి
ఎవరో పరిగెత్తి తెచ్చారు.