వెర్షన్ 7.4.19

గ్రిమ్స్‌బీలో తివాచీల షాపు పైన మా ఆఫీసు.
మెట్ల నిండా కొత్త ఉన్ని వాసన.
ఉండేది ఇద్దరం: నేను,
టీ కెటిల్ కూస్తే తప్ప లేవని కీత్.

మా ఫొటోల సాఫ్ట్‌వేర్‌ని కొత్తగా ఎవరూ కొనరు.
కొన్నవాళ్లలో కొందరు మానేశారు, కొందరు పోయారు.
మిగిలినవాళ్ల కోసం ఏడాదికి రెండు అప్‌డేట్లు.
విండోస్ మారినప్పుడల్లా
పాత కోటుకి రఫూ చేసినట్టు
దారం కనబడకుండా కుట్టడం నా పని.
కుట్టు కుదిరితే ఫోన్ రాదు.

ఈ మార్చిలో కొండని తవ్వితే ఎలుక దొరికింది.
సేవ్ చేసిన ప్రతిసారీ
నీలంలో ఒక్క అంకె తగ్గిపోతోంది.
1997లో ఎవరో
లెక్కలో మిగిలిన అర ముక్కని కింద పారేసి
పక్కనే రాసిపెట్టారు:
"తర్వాత చూద్దాం. డి."
ఆ డి. ఎవరో కీత్‌కీ గుర్తులేదు.

ఒక్క గుర్తు మార్చాను. నీలం నిలబడింది.
ఆ సాయంత్రం ఇంటికి నడుస్తూ
హంబర్ మీది ఆకాశం వైపు
దాన్నీ నేనే బాగుచేసినట్టు చూశాను.

మూడు వారాలకి ఫోన్.
క్లీథార్ప్స్ నుంచి టప్లిన్ గారు,
ఐస్ ఫ్యాక్టరీ గొంతు, ఒక్కో మాటా తూచి:
"నెలకో ఆదివారం ఐరిస్ ఫొటో తెరుస్తాను.
ఎక్కడో ఒక గీత చెరిపి, సేవ్ చేస్తాను.
ఆరేళ్లుగా, కాగితం ఫొటోలాగే
మెల్లగా పసుపెక్కుతూ వచ్చింది.
నాతోపాటే ముసలిదవుతోంది అనుకున్నా.
ఇప్పుడు ఆగిపోయింది.
మీరేమైనా చేశారా, అమ్మాయ్?"

తప్పు దిద్దామండీ, అనబోయి
నాలుక కరుచుకున్నాను.
డెబ్బై రెండు ఆదివారాలు.
డెబ్బై రెండు అంకెల నీలం.

7.4.20లో, సెట్టింగుల అట్టడుగున
టిక్ లేని ఒక చిన్న గడి:
పాత పద్ధతిలో సేవ్ చెయ్యి.
"ఎంతమందికి ఇది, వకుళా?" కీత్ అడిగాడు.
ఒక్కరికి, అన్నాను.
కప్పు నా వైపు జరిపి ఊరుకున్నాడు.
డి. రాసిన మాట కింద
నేనో మాట చేర్చాను:
"చూశాను. ఉండనీ."

అప్‌డేట్ వివరాల్లో ఎప్పటిలాగే
'చిన్న చిన్న సవరణలు' అని రాశాం.

టప్లిన్ గారికి ఆ గడి ఎక్కడుందో
ఉత్తరం రాసి, బొమ్మ గీసి పంపాను.
మళ్లీ ఫోన్ రాలేదు.
మా పనిలో
దానికి రెండు అర్థాలు.